వాన కురిపించు రాగము

గానము చెవికి ఇంపు గొల్పుటతో నాగక ప్రకృతినే శాసింపగలదను కల్పన మన సంగీతగాథలలో పలుచోట్ల గన్పట్టును. అక్బరు కొలువున తాన్‌సేనుడు దీపకరాగము నాలపింపగా దీపములు వెలిగెననియు, ఆంజనేయుని పాటకు శిల కరగెననియు చెప్పుదురు. వీనిలో నాకు మిక్కిలి ప్రియమైనది ఎట్టయపురపు గాథ.

అనావృష్టిచే చెరువులు బీటలువారి, పశువులు గ్రాసము లేక అలమటించుచుండగా, తమిళదేశమందలి ఆ సంస్థానమునకు తమ్ముడు బాలస్వామిని జూడబోవుచున్న ముత్తుస్వామి దీక్షితులు, ఆ దుఃస్థితికి హృదయము ద్రవించి, అమృతవర్షిణీ రాగమున దేవిని ప్రార్థింపగా మేఘములు క్రమ్మి వర్షము కురిసెననియు, అది ఎంతకును నిలువకుండుటచే మరల వేడుకొనవలసివచ్చెననియు ప్రతీతి.

ఈ రాగమున రిషభ ధైవతములు లేవు. షడ్జ పంచమములతో అంతరగాంధారము, ప్రతిమధ్యమము, కాకలినిషాదము చేరి అయిదే స్వరములు. వాని నడుమ గల విశాలమైన అంతరములును, ప్రతిమధ్యమపు తీక్ష్ణతయు, ఏదియో రాబోవుచున్నదను ఉత్కంఠతో శ్రోత హృదయమును నింపునని నా నమ్మిక. నాదము మేఘము నాకర్షించునని శాస్త్రము నిరూపింపలేదు. అయినను కరవునాటి జనుల ఆర్తి ఇంత సుందరమైన రూపము దాల్చుట సామాన్యము కాదు.

దీక్షితులు 1835లో ఎట్టయపురముననే పరమపదించిరి. బాలస్వామి దత్తపుత్రుడగు సుబ్బరామ దీక్షితులు 1904లో అచటనే ‘సంగీత సంప్రదాయ ప్రదర్శిని’ని తెలుగున ప్రకటించి, పెదతండ్రిగారి కీర్తనలను పెక్కింటిని స్వరసహితముగా మనకు దక్కించిరి.