ఆఖరిదనుకున్న సినిమా

1960 నాటికి జపాన్‌లో కిందాయ్ ఎయిగా క్యోకాయ్ అనే చిన్న చిత్రనిర్మాణ సంస్థ అప్పుల్లో కూరుకుపోయింది. మూసేసే ముందు మనసుకు నచ్చినట్టు ఒక్క సినిమా తీసి వదిలేద్దామనుకున్నారు దాని సారథి కానెతో షిందో. చేతిలో ఉన్నది సుమారు 50 లక్షల యెన్లు. సినిమాకు అది చాలా తక్కువ.

షిందో 1912లో హిరోషిమా ప్రాంతంలో పుట్టారు. స్టూడియోలో ఫిల్ము కడిగే పనితో మొదలుపెట్టి కథారచయితగా ఎదిగారు. 1950లో షోచికు స్టూడియో వదిలి, దర్శకుడు యోషిమురా, నటుడు తొనోయామాలతో కలిసి సొంత సంస్థ పెట్టారు. ఆ రోజుల్లో పెద్ద స్టూడియోలే సినిమాలు తీసి, తమ చేతిలో ఉన్న హాళ్లలో ఆడించుకునేవి. బయటివాళ్లు ఎలాగో సినిమా తీసినా దాన్ని ఆడించడం మరో యుద్ధం.

1952లో ఉపాధ్యాయుల సంఘం అండతో 'హిరోషిమా పిల్లలు' తీశారు. అణుబాంబు పడిన ఊరికి ఒక పంతులమ్మ తిరిగొచ్చి, తన పాత విద్యార్థులను వెతుక్కునే కథ. సంఘానికి అందులో కన్నీళ్లే తప్ప కోపం కనిపించలేదు. మరుసటి ఏడు ఇంకొకరి చేత వేరే సినిమా తీయించుకుంది. 1959లో, హైడ్రోజన్ బాంబు బూడిద పడిన చేపల పడవ మీద షిందో తీసిన సినిమాకు డబ్బు రాలేదు. సంస్థ కుంగింది అక్కడే.

ఇక 'నగ్న ద్వీపం'. చుట్టూ సముద్రం, తాగడానికి చుక్క నీరు లేని దీవి. అక్కడ కాపురముండే భార్యాభర్తలు రోజూ పడవలో వెళ్లి, పక్క దీవి నుంచి మంచినీళ్లు తెచ్చి, కావడితో గుట్ట ఎక్కి చిలగడదుంప మొక్కలకు పోస్తారు. అంతే కథ. సంభాషణలు లేవు. నటులు తొనోయామా, నొబుకో ఒతోవా నిజంగానే నిండు బకెట్లు మోశారు. ఒకచోట ఆమె కాలు జారి నీళ్లు ఒలికిపోతాయి. భర్త చెంప మీద కొడతాడు. తర్వాత పెద్దకొడుకు చనిపోయాక ఆమే నీళ్లు పారబోసి, మొక్కలు పీకి, నేల మీద పడి ఏడుస్తుంది. ఈసారి భర్త చెయ్యెత్తడు. కాసేపు చూసి, మళ్లీ నీళ్లు పోయడం మొదలుపెడతాడు.

1961లో మాస్కో చిత్రోత్సవంలో ఒక సోవియట్ సినిమాతో కలిసి దీనికి అగ్ర బహుమతి వచ్చింది. 60కి పైగా దేశాలు కొన్నాయి. మాటలే లేనప్పుడు డబ్బింగు ఖర్చేముంది! అప్పులు తీరాయి, సంస్థ నిలిచింది. షిందో 98 ఏళ్ల వయసులో చివరి చిత్రం 'పోస్ట్‌కార్డ్' పూర్తి చేసి, 2012లో నూరేళ్లు నిండాక కన్నుమూశారు.

ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడమో తమిళమో ఒడియానో మరాఠీనో మాట్లాడే మన బడి పిల్లలకు ఈ సినిమా చూపించి, దంపతుల మధ్య మాటలు తెలుగులో రాయించమని మా సూచన. పెద్ద తరగతులకైతే మేలు. ఆ చెంపదెబ్బ గురించి పిల్లలు తప్పక అడుగుతారు. మాస్టార్లు జవాబు సిద్ధం చేసుకోవాలి. నిడివి 96 నిమిషాలు, రెండు పీరియడ్లకు కాస్త ఎక్కువ.