యూనిఫాం విప్పేశాక...

మన సూర్యలంకలో సముద్రం పక్కనే వైమానిక దళం స్టేషన్ ఉంది. ఆ యూనిఫాం చూస్తే మనలో సగం మందికి మిలట్రీలో చేరాలనిపిస్తుంది. బాగానే ఉంది. కానీ యుద్ధాలు చేసి ఇంటికొచ్చినాయన తర్వాత ఎలా బతుకుతాడో ఎవరూ అడగరు.

సిపాయి రిటైరయ్యాడంటే ముసలాయన అనుకుంటాం. కాదు. సైన్యానికి కుర్రవాళ్లు కావాలి కాబట్టి, 18 ఏళ్లకు చేరినవాళ్లు చాలామంది 40 లోపే తిరిగొచ్చేస్తారు. 15 ఏళ్ల సర్వీసుంటే పింఛను ఉంది. అయితే అప్పటికి పిల్లలు మన ఈడువాళ్లు. ఇంకో పని చూసుకోవాల్సిందే. బ్యాంకుల ముందు తుపాకి పట్టుకుని నిలబడే గార్డుల్లో మాజీ సైనికులు ఎందరో!

పని కన్నా కష్టమైంది ఇంకోటుంది. పటాలంలో లేవడం, తినడం, పడుకోవడం అన్నీ టైము ప్రకారమే (మన హాస్టల్లాగే అనుకోండి!). పక్కవాడి కోసం ప్రాణమిచ్చే స్నేహం. ఇంటికొస్తే అవేవీ ఉండవు. ఇన్నాళ్లూ సెలవుల్లో వచ్చిపోయిన మనిషి కదా, ఇల్లు ఆయన లేకుండానే నడవడం నేర్చుకుంది. పిల్లలు ఏది కావాలన్నా అమ్మనే అడుగుతారు. ఆయన ఆర్డరు వేసినట్టు మాట్లాడితే గొడవ.

యుద్ధం చూసిన కొందరికి నిద్ర పట్టదు. దీపావళి టపాకాయకే ఉలిక్కిపడతారు. మొదటి ప్రపంచ యుద్ధంలో (1914–18) దీన్ని 'షెల్ షాక్' అన్నారు, కొందరిని పిరికివాళ్లని శిక్షించారు కూడా. 1980లో అమెరికా వైద్యులు దీన్ని జబ్బుగా పుస్తకంలో చేర్చారు. అంటే ఇదీ గాయమే, పైకి కనపడదంతే. తాగితే ముదురుతుంది. డాక్టరుకు చూపించుకోవాలి.

పశ్చిమగోదావరిలో మాధవరం అనే ఊరుంది. మిలటరీ మాధవరం అంటారు. మొదటి ప్రపంచ యుద్ధానికే 90 మంది వెళ్లారు. అలాంటి ఊళ్లో తిరిగొచ్చినాయనకు అరుగు మీద తనలాంటివాళ్లు నలుగురు దొరుకుతారు. సగం మందు అదేనని నా అభిప్రాయం. ఊరికొక్కడే సైనికుడైతే ఎవరితో చెప్పుకుంటాడు? మనలాంటి పిల్లలు "ఎంతమందిని చంపారు తాతా?" అని అడిగితే ఇంకా మూసుకుపోతాడు.

పింఛను కాగితాలకు, ఉద్యోగాలకు జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ఉంది. పింఛనుదార్లకు 2003 నుంచి ఆరోగ్య పథకం కూడా ఉంది.

2022లో వచ్చిన అగ్నిపథ్‌లో సర్వీసు 4 ఏళ్లే. 100కి 25 మంది దాకా ఉంచుకుంటారు. మిగతావాళ్లకు కొంత సొమ్ము ఇస్తారు గానీ పింఛను ఉండదు. అంటే పాతికేళ్లు రాకుండానే మాజీ సైనికుడు! టెన్త్‌తో చేరినవాళ్లు ఆ 4 ఏళ్లలో ఓపెన్ స్కూలు ద్వారా ఇంటరు సర్టిఫికెట్ తెచ్చుకునే ఏర్పాటుంది. చేరేవాళ్లు దాన్ని వదలొద్దు.