చాంగాన్ వీథిలో రొట్టె

చైనాలోని శియాన్ నగరమునకు పూర్వనామము చాంగాన్. ఇది తాంగ్ చక్రవర్తుల రాజధాని. మన ధాన్యకటకమును దర్శించిన హుయాన్‌త్సాంగ్ 645లో తిరిగి చేరినది ఈ నగరమునకే. పట్టువర్తకులు ఒంటెలతో పడమటి కేగిన దారి యిచటనే మొదలయ్యెను.

1380లో కట్టిన భేరీ శిఖరమును దాటినచో హుయీ ముస్లిముల వీథి వచ్చును. సాయంకాలము మార్గదర్శి యాత్రికుల నిచటికి తోడ్కొనివచ్చును. చువ్వలకు గ్రుచ్చిన మాంసము నిప్పులపై కాలుచుండగా జీలకర్ర వాసన గుప్పుమనును. ఆ జీలకర్రయు పడమటి దారిని వచ్చినదే.

తుద కొక భోజనశాలలో కూర్చుందురు. అచట 'పావ్‌మో' ప్రసిద్ధము. అడిగినవెంటనే వంటకము రాదు. ఖాళీ గిన్నెయు, సగము పులిసిన పిండితో కాల్చిన గట్టి రొట్టెయు వచ్చును. తినువాడే దానిని గింజలంత ముక్కలుగా త్రుంచవలెను. ఆకలిగొన్నవాని కిది పరీక్షయే! తొందరపడి పెద్దముక్కలు వేసినచో లోపలికి రసము పట్టదు. గిన్నెలు తారుమారు కాకుండ సంఖ్యగల బిళ్ళ నిత్తురు. ముక్కలను చూచినంతనే వంటవాడు తినువాడు ఊరివాడో, క్రొత్తవాడో గ్రహించును. పిమ్మట వానిని గొఱ్ఱెమాంసపు రసములో ఉడికించి, ఊరవేసిన వెల్లుల్లితో నిచ్చును.

యాత్రికులు తిని లేచునప్పటికిని, ప్రక్కబల్లయొద్ద వృద్ధులు మాటలాడుకొనుచు రొట్టె త్రుంచుచునే యుందురు.