ట్రక్కుగా మారిన అమెరికా కారు

అమెరికా కార్ల తయారీ పరిశ్రమ క్షీణించిందని కొందరు, దిగుమతి సుంకాల అండతో మళ్లీ పుంజుకుంటోందని మరికొందరు వాదిస్తున్నారు గానీ, గత 50 ఏళ్లలో ఆ పరిశ్రమ అసలు ఏ వాహనాన్ని తయారు చేసే పరిశ్రమగా మారిందో తెలుసుకోకుండా ఈ రెండు వాదనల్లో దేన్నీ తూచడం సాధ్యం కాదు. సంఖ్యను బట్టి చూస్తే అది నేటికీ చాలా పెద్ద పరిశ్రమే. 2023లో అమెరికా కర్మాగారాల నుంచి సుమారు 1.06 కోట్ల వాహనాలు వెలువడ్డాయి. చైనా తరువాత ప్రపంచంలో రెండో స్థానం ఆ దేశానిదే. అయితే సామాన్యులు కారు అనగానే తలచుకునే వాహనం, అంటే నలుగురైదుగురు కూర్చునే, వెనుక డిక్కీ ఉండే సెడాన్ గానీ, చిన్న హ్యాచ్‌బ్యాక్ గానీ, అమెరికన్ కంపెనీల కర్మాగారాల్లో దాదాపు కనుమరుగైంది. ఉత్తర అమెరికాలో తమ సెడాన్లన్నింటినీ దశలవారీగా ఆపివేస్తున్నట్లు, మస్టాంగ్ అనే స్పోర్ట్స్ కారును మాత్రం ఉంచుతున్నట్లు ఫోర్డ్ కంపెనీ 2018లో ప్రకటించింది. నేడు అమెరికాలో అమ్ముడయ్యే ప్రతి 5 కొత్త వాహనాల్లో దాదాపు 4 పికప్ ట్రక్కులో, ఎస్‌యూవీలో, వ్యాన్లో అయి ఉంటున్నాయి.

పికప్ అంటే ముందు భాగంలో మనుషులు కూర్చునే క్యాబిన్, వెనుక సామాన్లకు పైకప్పు లేని తొట్టి ఉండే వాహనం. తెలుగు పల్లెల్లో కూరగాయలు, ఎరువుల బస్తాలు మోసే చిన్న వాహనాలూ ఆ జాతివే అయినా, 5 మీటర్లకు మించిన పొడవుతో, సుమారు 2 టన్నుల బరువుతో ఉండే అమెరికా పికప్‌కూ వాటికీ పోలిక తక్కువ. ఫోర్డ్ ఎఫ్ శ్రేణి పికప్ 1977 నుంచి ఆ దేశంలో అత్యధికంగా అమ్ముడయ్యే ట్రక్కుగా నిలుస్తూ వచ్చింది. రైతులు, వడ్రంగులు, మేస్త్రీలు పని కోసం కొనుక్కున్న ఈ వాహనం క్రమంగా ఆఫీసుకు వెళ్లేవారి, పిల్లలను బడిలో దింపేవారి వాహనంగా ఎలా మారిందన్నదానికి జనం అభిరుచి ఒక్కటే కారణమని చెప్పడం పాక్షిక సత్యమే అవుతుంది. ఆ అభిరుచి వెనుక రెండు చట్టపరమైన నిర్ణయాలున్నాయి. వాటిలో మొదటిది కోళ్ల వ్యాపారం వల్ల పుట్టింది.

రెండో ప్రపంచ యుద్ధం తరువాత అమెరికాలో కోళ్ల పెంపకం భారీ పరిశ్రమగా ఎదిగి, అక్కడి చౌక కోడిమాంసం పశ్చిమ జర్మనీ వంటి దేశాల మార్కెట్లను ముంచెత్తడంతో, తమ రైతులను కాపాడుకోవడానికి ఐరోపా ఆర్థిక సమాజం 1962లో దానిపై సుంకాలు పెంచింది. చర్చలు ఫలించకపోవడంతో అధ్యక్షుడు లిండన్ జాన్సన్ ప్రతీకారంగా ఐరోపా నుంచి వచ్చే బంగాళాదుంప పిండిపదార్థం, డెక్స్‌ట్రిన్ అనే జిగురు పదార్థం, బ్రాందీ, తేలికపాటి ట్రక్కులపై సుంకాలు పెంచారు. 1964లో అమలులోకి వచ్చిన ఈ నిర్ణయంలో ట్రక్కులపై పడినది 25 శాతం. పశ్చిమ జర్మనీకి చెందిన ఫోక్స్‌వ్యాగన్ వ్యాన్లను అడ్డుకోవడానికి వేసిన ఈ సుంకం పేరుకు ఏ దేశం ట్రక్కుకైనా వర్తిస్తుంది కాబట్టి, కాలక్రమంలో జపాన్ పికప్‌లకూ అదే అడ్డుగోడ అయింది. మిగిలిన మూడు వస్తువులపై సుంకం తరువాత తొలగిపోయినా, ట్రక్కుల మీది సుంకం మాత్రం 60 ఏళ్లు దాటినా నిలిచే ఉంది. నేటికీ దాన్ని వాడుకలో కోళ్ల పన్ను అనే పిలుస్తారు. విదేశీ కారుపై సుంకం 2.5 శాతమే ఉన్న ఆ దశాబ్దాల్లో విదేశీ ట్రక్కుపై అది పది రెట్లు ఉండేది. అంటే కార్ల విషయంలో అమెరికన్ కంపెనీలు ప్రపంచంతో పోటీ పడవలసి వచ్చింది గానీ, ట్రక్కుల విషయంలో వాటికి పోటీ దాదాపు లేకుండా పోయింది. ఈ గోడ ఎంత పటిష్ఠమైనదంటే, అమెరికన్ కంపెనీలే ఒక్కోసారి దాన్ని తప్పించుకోవడానికి ప్రయత్నించాయి. ఫోర్డ్ కంపెనీ తన ట్రాన్సిట్ కనెక్ట్ వ్యాన్లను టర్కీ నుంచి వెనుక సీట్లతో, ప్రయాణికుల వాహనాలుగా దిగుమతి చేసుకుని, రేవు దాటాక ఆ సీట్లు పీకివేసి సరకు వ్యాన్లుగా అమ్మిందన్న వివాదం ఏళ్ల తరబడి నడిచి, 2024లో ఆ కంపెనీ 36.5 కోట్ల డాలర్లు చెల్లించడానికి ఒప్పుకోవడంతో ముగిసింది.

రెండో నిర్ణయం ఇంధనానికి సంబంధించింది. 1973 నాటి చమురు సంక్షోభం తరువాత, ప్రతి కంపెనీ అమ్మే వాహనాల సగటు మైలేజీ ఇంత ఉండాలని నిర్దేశించే చట్టాన్ని అమెరికా కాంగ్రెస్ 1975లో చేసింది. దాని ప్రకారం కార్లు 1985 నాటికి గ్యాలనుకు 27.5 మైళ్లు, అంటే లీటరుకు సుమారు 11.7 కిలోమీటర్లు ఇవ్వాలి. ట్రక్కులు రైతుల, చేతిపనివారి పనిముట్లన్న భావనతో వాటికి విడిగా, తేలికైన లక్ష్యం పెట్టారు. 1996 నుంచి 2004 వరకు అది లీటరుకు 9 కిలోమీటర్ల లోపే. చట్టం చేసినవారి ఉద్దేశం న్యాయమైనదే గానీ, దాని ఫలితం తలకిందులైంది. ట్రక్కు చట్రం మీద కారులాంటి పైభాగాన్ని బిగిస్తే అది చట్టం దృష్టిలో ట్రక్కుగానే మిగులుతుంది, కొనేవారి దృష్టిలో కుటుంబ వాహనం అవుతుంది. 1990లో వచ్చిన ఫోర్డ్ ఎక్స్‌ప్లోరర్ వంటి ఎస్‌యూవీలు ఈ సందులోంచే ఊళ్ల మీదికి వచ్చాయి. ఆ పైన 2010 దశకంలో తెచ్చిన సవరించిన నిబంధనలు, వాహనం చక్రాల మధ్య వైశాల్యం పెరిగే కొద్దీ మైలేజీ లక్ష్యాన్ని తగ్గించడంతో, పెద్ద వాహనానికి మరింత వెసులుబాటు దొరికింది. ఇంధనం ఆదా చేయడానికి పుట్టిన చట్టం, వాహనాన్ని పెంచుకోవడానికి ప్రోత్సాహం కావడం అమెరికా విధాన చరిత్రలో విచారించదగిన ఘట్టాల్లో ఒకటి. 2025లో చేసిన చట్టం ఈ మైలేజీ నిబంధనను ఉల్లంఘించినందుకు వేసే జరిమానాను సున్నాకు తగ్గించడంతో, మిగిలిన కాస్త ఒత్తిడి కూడా తొలగిపోయింది.

ఈ రెండు నిర్ణయాల నీడలో చిన్న కార్ల మార్కెట్‌ను జపాన్ కంపెనీలు సొంతం చేసుకున్నాయి. ఆ దేశపు కార్ల ప్రవాహాన్ని ఆపడానికి 1981లో అమెరికా ఒత్తిడి తెచ్చి, ఏటా 16.8 లక్షల కార్లకు మించి పంపకుండా జపాన్‌ను ఒప్పించింది. అయితే గోడకు అవతల ఉన్నవారు గోడ ఇవతలే కర్మాగారాలు కట్టడం మొదలుపెట్టారు: 1982లో ఒహాయో రాష్ట్రంలోని మేరీస్‌విల్‌లో హోండా, మరుసటి ఏడాది టెన్నెసీలోని స్మిర్నాలో నిస్సాన్, 1988లో కెంటకీలోని జార్జ్‌టౌన్‌లో టొయోటా. నాణ్యతలో తాము వెనుకబడడానికి అమెరికన్ కార్మికుల బద్ధకమే కారణమని అప్పటిదాకా నమ్మిన యాజమాన్యాలకు కాలిఫోర్నియాలోని ఫ్రీమాంట్ కర్మాగారం తిరుగులేని సమాధానం ఇచ్చింది. గైర్హాజరీకి, గొడవలకు పేరుపడిన ఆ కర్మాగారాన్ని జనరల్ మోటార్స్ 1982లో మూసివేయగా, 1984లో టొయోటాతో కలిసి నమ్మీ అనే ఉమ్మడి సంస్థగా అదే చోట తిరిగి తెరిచింది. పాత కార్మికుల్లో ఎక్కువమందినే, వారి సంఘంతో సహా, మళ్లీ పనిలోకి తీసుకున్నారు. లోపం కనిపిస్తే తాడు లాగి మొత్తం అసెంబ్లీ లైన్‌ను ఆపే అధికారం ప్రతి కార్మికుడికీ ఇచ్చారు. కొద్ది కాలంలోనే అక్కడి కార్ల నాణ్యత జపాన్ కర్మాగారాల నాణ్యతకు సాటిగా నిలిచింది. మనుషులు వారే, మారింది వారిని నమ్మే పద్ధతి మాత్రమే. ఈ పాఠాన్ని మిగతా కర్మాగారాలకు చేర్చడంలో జనరల్ మోటార్స్ చేసిన జాప్యం ఆ కంపెనీకి చాలా ఖరీదైనదిగా పరిణమించింది.

ఆ ఖరీదు 2009లో బయటపడింది. 1960 దశకం తొలినాళ్లలో అమెరికా మార్కెట్‌లో దాదాపు సగం వాటా ఉన్న జనరల్ మోటార్స్ ఆ ఏడాది జూన్ 1న, క్రైస్లర్ అంతకు నెల రోజుల ముందు దివాలా పిటిషన్లు వేశాయి. 2006లోనే ఆస్తులు తాకట్టు పెట్టి భారీగా అప్పు తెచ్చుకున్న ఫోర్డ్ ఒక్కటే దివాలా తీయకుండా గట్టెక్కింది. పరిశ్రమను నిలబెట్టడానికి ప్రభుత్వం సుమారు 8,000 కోట్ల డాలర్లు వెచ్చించగా, అందులో చాలా భాగం తిరిగి వచ్చింది గానీ, 900 కోట్లకు పైగా డాలర్లు రాలేదు. క్రైస్లర్ తరువాత ఇటలీకి చెందిన ఫియట్ చేతికి, అటుపై 2021లో ఏర్పడిన స్టెల్లాంటిస్ అనే ఐరోపా సంస్థలోకి వెళ్లింది. కనుక డెట్రాయిట్ ముగ్గురు అని నేటికీ పిలిచే కంపెనీల్లో పూర్తి అమెరికన్ కంపెనీలు రెండే.

సుంకాల గోడ ఇచ్చిన రక్షణకు అసలు మూల్యం చెల్లించినవారు కార్మికులు. 1936 డిసెంబరు చివర మిషిగన్ రాష్ట్రంలోని ఫ్లింట్‌లో కార్మికులు యంత్రాల పక్కనే బైఠాయించి 44 రోజులు చేసిన సమ్మెతో జనరల్ మోటార్స్ చేత గుర్తింపు పొందిన యునైటెడ్ ఆటో వర్కర్స్ సంఘానికి 1979లో 15 లక్షల మంది సభ్యులుండగా, నేడు 4 లక్షలైనా లేరు. విదేశీ కంపెనీలు తమ కర్మాగారాలను ఎక్కువగా సంఘాలు బలహీనంగా ఉన్న దక్షిణాది రాష్ట్రాల్లో కట్టాయి. అక్కడి చట్టాల ప్రకారం సంఘం ఉన్న కర్మాగారంలో కూడా చందా కట్టమని కార్మికుడిని నిర్బంధించరాదు. డెట్రాయిట్ కంపెనీలు 2007లో కొత్తగా చేరేవారికి పాతవారి వేతనంలో దాదాపు సగమే ఇచ్చే రెండంచెల విధానాన్ని ప్రవేశపెట్టడంతో, ఒకే లైన్‌లో పక్కపక్కన నిలబడి ఒకే పని చేసేవారి మధ్య అంతరం ఏర్పడింది. 2023 సెప్టెంబరులో సంఘాధ్యక్షుడు షాన్ ఫెయిన్ నాయకత్వంలో మూడు కంపెనీల్లోనూ ఒకేసారి మొదలై సుమారు ఆరు వారాలు సాగిన సమ్మె, నాలుగున్నరేళ్లలో 25 శాతం పెంపును సాధించి, ఆ అంతరాన్ని చాలావరకు చెరిపింది. మరుసటి ఏడాది టెన్నెసీలోని చట్టనూగాలో ఫోక్స్‌వ్యాగన్ కార్మికులు సంఘంలో చేరడానికి ఓటు వేయగా, అలబామాలోని మెర్సిడెస్ కార్మికులు నెల తిరక్కుండానే వద్దన్నారు. ఆ దక్షిణాది పోరు ఇంకా తేలలేదు.

2025 ఏప్రిల్ నుంచి విదేశీ కార్లన్నింటిపైనా 25 శాతం సుంకం విధించడంతో, ట్రక్కుల చుట్టూ ఉన్న గోడ కార్ల చుట్టూ కూడా లేచింది. జపాన్, ఐరోపా సమాఖ్య, దక్షిణ కొరియాలకు ఆ తరువాతి ఒప్పందాల్లో అది 15 శాతానికి తగ్గింది. అమెరికా, కెనడా, మెక్సికోల మధ్య దశాబ్దాలుగా విడిభాగాలు సరిహద్దులను పలుమార్లు దాటుతూ ఒక వాహనంగా రూపొందే పరిశ్రమకు ఇలాంటి సుంకం సొంత ఇంట్లో గదికీ గదికీ మధ్య పన్ను వేసినట్లే. జనరల్ మోటార్స్ పికప్‌లు కొన్ని మెక్సికోలోని సిలావోలో తయారవుతాయి. 2025 రెండో త్రైమాసికం ఒక్కదానిలోనే సుంకాల వల్ల 110 కోట్ల డాలర్ల భారం పడిందని ఆ కంపెనీ వెల్లడించింది. కొత్త వాహనం సగటు ధర 2025 నాటికే 48,000 డాలర్ల స్థాయికి చేరినందువల్ల సాధారణ కుటుంబాలు పాత బండితోనే సరిపెట్టుకుంటున్నాయి. రోడ్ల మీద వాహనాల సగటు వయసు 2024లో 12.6 ఏళ్లు.

గోడ లోపల లాభం ఉన్నా, బయట నష్టమే మిగిలింది. జనరల్ మోటార్స్ 2017లో ఐరోపాలోని ఓపెల్‌ను అమ్మివేసి, అదే ఏడాది భారత్‌లో అమ్మకాలు ఆపింది. చెన్నై సమీపంలోని మరైమలై నగర్‌లో ఏళ్ల తరబడి కార్లు చేసిన ఫోర్డ్ 2021లో భారత్‌లో ఉత్పత్తికి ముగింపు ప్రకటించింది. చైనాలో 2017లో 40 లక్షలు దాటిన జనరల్ మోటార్స్ అమ్మకాలు 2024 నాటికి 18 లక్షల స్థాయికి పడిపోయాయి. డెట్రాయిట్ శివార్లలోని ట్రాయ్, నోవై వంటి పట్టణాల్లో స్థిరపడిన తెలుగు ఇంజినీర్ల కుటుంబాలు ఎన్నో ఈ పరిశ్రమపైనే ఆధారపడి ఉన్నందువల్ల, ఈ అంకెలు వారి ఇళ్లకు దూరమైనవి కావు.

విద్యుత్ వాహనాల విషయంలో ఈ బలహీనత మరింత స్పష్టమైంది. ఫ్రీమాంట్ కర్మాగారాన్ని 2010లో కొన్న టెస్లా అక్కడి నుంచే ప్రపంచాన్ని ఆకర్షించగా, పాత కంపెనీలు భారీ పికప్‌లలో అంతకన్నా భారీ బ్యాటరీలు పెట్టే దారి పట్టాయి. ఫోర్డ్ విద్యుత్ విభాగం 2024లో 510 కోట్ల డాలర్లు నష్టపోయింది. కొనేవారికి ఇచ్చే 7,500 డాలర్ల పన్ను రాయితీ 2025 సెప్టెంబరు 30తో ముగిసింది. చైనా విద్యుత్ కార్లపై 2024 నుంచి 100 శాతం సుంకం ఉంది కాబట్టి, ఆ దేశపు చౌక కారు అమెరికా కొనుగోలుదారు కంట పడదు, కానీ ఇతర దేశాల మార్కెట్లలో అమెరికన్ కంపెనీలకు అదే ప్రత్యర్థి.

ఆ ప్రత్యర్థికి బదులుగా కెంటకీలోని లూయివిల్ కర్మాగారంపై సుమారు 200 కోట్ల డాలర్లు పెట్టి, 30,000 డాలర్ల ధరలో విద్యుత్ వాహనాన్ని 2027లో తెస్తామని ఫోర్డ్ 2025 ఆగస్టులో ప్రకటించింది. హెన్రీ ఫోర్డ్ 1913లో హైలాండ్ పార్క్‌లో మొదలుపెట్టిన, కదిలే ఒకే వరుసలో కూర్పు జరిగే పద్ధతిని ఇందుకోసం పక్కన పెట్టి, వాహనం ముందు భాగాన్నీ, వెనుక భాగాన్నీ, సీట్లు బిగించిన బ్యాటరీ అడుగు భాగాన్నీ మూడు వేర్వేరు వరుసల్లో సిద్ధం చేసి, చివర ఒకటిగా కలుపుతారు. దానికి కావలసిన లిథియం ఐరన్ ఫాస్ఫేట్ బ్యాటరీలు మిషిగన్‌లోని మార్షల్‌లో, చైనాకు చెందిన సీఏటీఎల్ కంపెనీ నుంచి అనుమతితో తీసుకున్న పరిజ్ఞానంతో తయారవుతాయి. ఆ వరుసల చివర నుంచి మొదట వెలువడేది నాలుగు తలుపుల మధ్యతరహా పికప్.