అరకు వలిసెలు, అమెరికా పిట్టలు

కార్తిక మార్గశిర మాసములలో అరకులోయకు పోయినవారు, కొండవాలులన్నిటను పసుపు ఆరబోసినట్లు పూచిన వలిసె చేలను చూచి మురిసి, గట్లపై నిలిచి ఫొటోలు తీయించుకొని, ఆ పూవు గింజకట్టిన పిమ్మట ఎచ్చటికి పోవునో విచారింపకయే మరలివత్తురు. ఇథియోపియా ఉన్నతభూములు జన్మస్థానముగా గల ఈ మొక్క పొద్దుతిరుగుడు కుటుంబమునకు చెందినది. గింజ సన్నగా, నల్లగా నిగనిగలాడుచు, బరువులో ఇంచుమించు మూడవవంతు నూనె కలిగియుండును. మన గిరిజనులు దానిని గానుగాడించి వంటకు వాడుదురు. భారత, ఇథియోపియా దేశములనుండి ఓడలెక్కి అమెరికాకు పోవు వలిసెలు మాత్రము మనుష్యుల వంటయింటికి గాక, పెరటిలో వ్రాలు పిట్టల ముక్కులకే చేరును. బంగారుతీగ వంటి పరాన్నజీవుల విత్తనములు వానితో కలిసి వచ్చి పొలములను చెరచునను భయమున, ఆ దేశమువారు దిగుమతియైన వలిసెలను సుమారు 120 డిగ్రీల సెల్సియస్ వేడిలో కాచిన పిమ్మటనే అమ్మనిత్తురు.

ఈ గింజను అమితప్రీతితో తినునది గోల్డ్‌ఫించ్ అను పక్షి. మన ఊరపిచ్చుకకన్న చిన్నది. తూకము పదునైదు గ్రాముల కటునిటు. వేసవిలో మగపక్షి నల్లని రెక్కలతో, నుదుట నల్లని టోపీతో, మేనంతయు పసుపుపచ్చగా మెరయుచుండ, శీతకాలమున అదే పక్షి బూడిదరంగు కలసిన వన్నెకు దిగి గుర్తుపట్టరాకుండును. ఏలనన అది ఏటికి రెండుమారులు మేని ఈకలు మార్చుకొనును. ఇతర పక్షులు వసంతమున గూళ్లు కట్టి పిల్లలను లేపుచుండగా, ఇది జూన్ జూలై మాసములు వచ్చి, తిసిల్ అను ముండ్లమొక్కల దూది విచ్చుకొనువరకు ఓపికతో వేచియుండి, ఆ దూదినే గూటిలో పరచును. పిల్లలకు సైతము గింజలనే మెత్తజేసి పెట్టును. ధాన్యము తిను మన పిచ్చుక కూడ పిల్లలకు పురుగులను తెచ్చి మేపునుగదా! కౌబర్డ్ అను పక్షి, మన కోకిలవలెనే, పరుల గూట గ్రుడ్డుపెట్టి పోవునది. పొరపాటున గోల్డ్‌ఫించ్ గూట పెట్టెనా, పుట్టిన పిల్ల ఆ గింజలపథ్యము చాలక కొలదిదినములలోనే మరణించును. ఇంతటి నిష్ఠగల శాకాహారులు మనుష్యులలో ఎందరుందురో చెప్పజాలను. తెలుగువారు విరివిగా కాపురమున్న న్యూజెర్సీ రాష్ట్రము 1935లో ఈ పక్షినే రాష్ట్రపక్షిగా ఎన్నుకొన్నది.

వలిసె సన్నని గింజయగుటచే పిట్టలకు మేతపెట్టు సామాన్యమైన ఫీడరులో నిలువదు; సన్నని చీలికలుగల గొట్టమునో, వలసంచినో వ్రేలాడదీయవలెను. క్రింద పొట్టు రాశిపడుట చూచి గింజలే వృథాగా రాలుచున్నవని క్రొత్తవారు చింతింతురు. చిటికెడు తీసి వ్రేళ్లనడుమ నలిపిచూచిన, లోన పప్పు లేదని తెలియును. పిట్టలు రాకుండుటకు తరచుగా కారణము గింజ పాతబడుటయే. తెల్లకాగితముపై గింజనుంచి గోటితో నొక్కినచో నూనెమరక పడవలెను. పడనిచో ఆ సంచిని పారవేయుటే మేలు.

గింజ పెట్టుటకన్న కష్టమైనది ఫీడరును శుభ్రముగా నుంచుట. పెక్కురు ఉపేక్షించునదియు అదియే. పడమటి అమెరికాకు చెందిన హౌస్‌ఫించ్ పక్షులను 1940లో వర్తకులు న్యూయార్కు ప్రాంతమున పంజరములనుండి విడువగా, అవి తూర్పు రాష్ట్రములన్నిట వ్యాపించినవి. 1994లో కోళ్లకు వచ్చు ఒక సూక్ష్మజీవి వానికి సోకి, కన్నులు వాచి పుసికట్టి, చూపు చెడి, ఆహారము దొరకక లక్షలకొలది నశించినవి. జబ్బుపిట్ట ముక్కు తాకిన గొట్టమునే ఆరోగ్యవంతమైన పిట్ట ముట్టుటచే, దయతో వ్రేలాడగట్టిన ఫీడరే ఈ వ్యాధికి దారియైనది. గోల్డ్‌ఫించులకును ఇది సోకును. 2021 ఆరంభమున పైన్ సిస్కిన్ అను చిన్నపిట్టలకు సాల్మొనెల్లా సోకినప్పుడు, పెక్కు రాష్ట్రముల వన్యప్రాణి శాఖలు ఫీడరులను కొంతకాలము దింపివేయుడని ప్రజలను కోరవలసివచ్చెను.

కనుక రెండు వారముల కొకసారియైనను, తొమ్మిదిపాళ్ల నీటికి ఒకపాలు బ్లీచ్ కలిపి ఫీడరును కడిగి, మంచినీట జాడించి, పూర్తిగా ఎండిన పిమ్మటనే గింజ నింపుడు. కన్ను వాచిన పిట్ట కనబడిననాడు మాత్రము ఫీడరును వెంటనే దింపి, కొన్ని వారములు లోపలనే ఉంచుడు. పెరటిలో పొద్దుతిరుగుడు పూలను ఎండినను కోయక విడిచినచో పిట్టలు వానినే వెదకికొనును. ఫీడరు లేనంతమాత్రమున గోల్డ్‌ఫించ్ పస్తుండదు.