పూవులోనూ, పుడమిలోనూ

విశాఖపట్నం నుండి శృంగవరపుకోట మీదుగా అరకులోయకు పోయే కొండదారి మలుపులు తిరుగుతూ అనంతగిరి చేరుతుంది. పూర్వం విశాఖపట్నం జిల్లాలో ఉండి, 2022లో ఏర్పడిన అల్లూరి సీతారామరాజు జిల్లాలో చేరిన ఈ మండలం బొర్రా గుహలకు, కాఫీ తోటలకు ప్రసిద్ధి పొందింది. చలికాలం ఆరంభంలో ఈ ప్రాంతపు వాలు పొలాలలో వలిసె పూస్తుంది. పసుపు ఆరబోసినట్లుండే ఆ చేలను చూడవచ్చిన యాత్రికుల దృష్టి మొదట పూలమీద, తరువాత వాటిపై ముసిరే తేనెటీగలమీద, సీతాకోకచిలుకలమీద నిలుస్తుంది. పూవు నడుమ తల దూర్చి, వీపు మాత్రమే పైకి కనిపించేటట్లు కూర్చుండి పుప్పొడి మేసే మరొక అతిథిని ఎవరూ అంతగా పట్టించుకోరు. అదే పూల పెంకుపురుగు.

ఈ పురుగు జీవితంలో కొంతభాగం మాత్రమే పూలమీద గడుస్తుంది. అంతకుమించిన కాలం కుళ్ళుతున్న మానులోనో, ఆకుల పోగులోనో, ఎరువు గొయ్యిలోనో గడుస్తుంది. పూవుమీద దానిని చూసి ముచ్చటపడిన తోటమాలియే ఎరువు తవ్వేటప్పుడు దాని పిల్లను చూసి చీదరించుకొని పారతో నరికివేస్తాడు. రెండూ ఒకే ప్రాణి అని అతనికి తెలియదు. ఈ తెలియనితనం వల్ల తోటకు కలిగే నష్టం చిన్నది కాదు.

పెంకుపురుగు అనే మాట ఒక మహాజాతికి పేరు. శాస్త్రజ్ఞులు ఇంతవరకు గుర్తించి పేరుపెట్టిన పెంకుపురుగు జాతులు నాలుగు లక్షలకు దరిదాపుగా ఉన్నాయి. తెలిసిన జంతుజాతులన్నింటిలో ఇవి సుమారు నాలుగో వంతు. 1957లో భారతదేశానికి వచ్చి స్థిరపడి, 1964లో భువనేశ్వర్‌లో కన్నుమూసిన ప్రఖ్యాత జీవశాస్త్రవేత్త జె.బి.ఎస్. హాల్డేన్, సృష్టికర్తకు పెంకుపురుగులంటే ఎనలేని మక్కువ ఉండి ఉంటుందని చమత్కరించేవాడని ప్రసిద్ధి. తెలుగు పల్లెలు కూడా వీటిలో కొన్నింటికి చక్కని పేర్లు పెట్టాయి. పేనుబంకను తిని పైరును కాపాడేది అక్షింతల పురుగు. కొబ్బరి మొవ్వును తొలిచేది కొమ్ముపురుగు. పిల్లలు అగ్గిపెట్టెలో దాచి తుమ్మాకు మేపే మెరుపుల పురుగు జీరంగి. పూలపై వాలే పెంకుపురుగులలో అనేక కుటుంబాలున్నా, వాటిలో అందరి కన్నూ ఆకర్షించేవి సెటోనినే అనే ఉపకుటుంబానికి చెందినవి. ప్రపంచంలో వీటి జాతులు దాదాపు నాలుగు వేలు. ఆఫ్రికాలోని గోలియత్ పురుగు కూడా వీటి కోవలోనిదే. అది పది సెంటీమీటర్ల వరకు పెరుగుతుంది. భారతదేశంలోని ఈ వర్గపు పురుగులను జి.జె. ఆరో అనే బ్రిటిష్ కీటకశాస్త్రజ్ఞుడు 1910లో వెలువడిన గ్రంథంలో వర్ణించాడు. శతాబ్దం గడచినా పరిశోధకులు దానిని నేటికీ తిరగవేస్తూనే ఉంటారు.

వీటి ఎగురుడులో ఒక విశేషముంది. పెంకుపురుగుల ముందు రెక్కలు గట్టిపడి పెంకులుగా మారతాయి. పలుచని వెనుక రెక్కలు వాటి క్రింద మడతపడి ఉంటాయి. ఎగరవలసినప్పుడు సాధారణమైన పెంకుపురుగు పెంకులను రెండువైపులా తెరచి పట్టుకోవలసిందే. పూల పెంకుపురుగు మాత్రం పెంకులను మూసియుంచి, ప్రక్కనున్న నొక్కుల గుండా వెనుక రెక్కలను బయటికి చాచి, తుమ్మెదవలె రొద చేస్తూ ఎగిరిపోతుంది. అందువల్ల పూవునుండి పూవుకు చురుకుగా సాగుతుంది. ఇక దాని ఒంటి పచ్చని, రాగివన్నె మెరుపులలో అధికభాగం రంగు పదార్థం వల్ల కలిగినది కాదు. పెంకులోని సన్నని పొరలు వెలుగును ప్రతిఫలింపజేసే తీరు వల్ల ఆ మెరుపు పుడుతుంది. పురుగు చనిపోయి ఏళ్ళు గడచినా ఆ వన్నె చాలవరకు వెలసిపోకపోవడానికి కారణమదే.

పూలకు, పెంకుపురుగులకు ఉన్న బంధుత్వం అతి పురాతనమైనది. మయన్మారులో దొరికిన ఒక శిలాజపు జిగురుముద్దలో 9 కోట్ల 90 లక్షల సంవత్సరాల నాటి చిన్న పెంకుపురుగు, దాని ఒంటినంటిన పుప్పొడి రేణువులతో సహా నిలిచి ఉన్నట్లు 2019లో శాస్త్రజ్ఞులు ప్రకటించారు. రాక్షసిబల్లులు తిరుగాడిన కాలంలోనే ఇవి పూలకు పురోహితులుగా ఉన్నాయన్నమాట. నిజానికి వీటి పౌరోహిత్యం కొంత మొరటుది. తేనెటీగ వలె ఇవి పుప్పొడిని పొందికగా ఏరుకోవు; కేసరాలను కొరుకుతాయి, రేకులను నలుపుతాయి, పూవంతా దొర్లుతాయి. వలిసెవంటి పైరుకు ప్రధాన సహాయకారి తేనెటీగయే అనడంలో సందేహం లేదు. అయితే కొన్ని పూలు ఈ మొరటు అతిథినే కోరి పిలుస్తాయి. అటువంటివి దళసరి రేకులతో, పండిన పండు వాసనతోనో, కొన్నిటిలో కుళ్ళిన మాంసపు కంపుతోనో ఉంటాయి. కంద పూచినప్పుడు పెరడంతా వ్యాపించే దుర్గంధం మనిషికి రోత పుట్టించినా పెంకుపురుగులకు అది ఆహ్వానపత్రిక.

తామర సంగతి మరింత వింతైనది. ఆస్ట్రేలియాలోని అడిలైడ్ ఉద్యానవనంలో జరిపిన పరిశీలనలలో, చుట్టూ గాలి పది డిగ్రీలకు చల్లబడినప్పటికీ తామరపూవు తన లోపలి వేడిని ముప్పది డిగ్రీలకు పైగా నిలుపుకొంటున్నట్లు 1996లో వెల్లడైంది. సాయంకాలం ముడుచుకొనే ఆ పూవులో చిక్కిన పెంకుపురుగులకు రాత్రంతా వెచ్చని విడిది లభిస్తుంది. ఉదయం రేకులు విచ్చగానే అవి పుప్పొడితో బయటపడతాయి. తామరలో తుమ్మెదను బంధించిన ప్రాచీన కవుల చూపు పూవు తీరును సరిగానే పట్టుకొన్నది. బందీ విషయంలో మాత్రం శాస్త్రజ్ఞుల సాక్ష్యం పెంకుపురుగువైపే మొగ్గుతుంది.

తూర్పు కనుమలకు దగ్గరి ఉదాహరణ సీతాఫలం. అమెరికా ఉష్ణమండలం నుండి వచ్చిన ఈ చెట్టు తెలుగునాట గుట్టలమీద అడవిచెట్టువలె అల్లుకుపోయింది. దీని పూవు క్రిందికి వ్రేలాడుతుంది. మూడు దళసరి రేకులు ఒకదానినొకటి ఒరసుకొని చిన్న గదివలె ఏర్పడతాయి. పూవు మొదట స్త్రీదశలో ఉంటుంది. అప్పుడు కీలాగ్రాలు పుప్పొడిని స్వీకరించడానికి సిద్ధంగా ఉంటాయి గాని, ఆ పూవులోని కేసరాలు ఇంకా పుప్పొడిని విడువవు. కేసరాలు విచ్చే వేళకు కీలాగ్రాలు ఎండిపోతాయి. అందుచేత ఒక పూవు తన పుప్పొడితో తాను ఫలించడం అరుదు. ఈ చిక్కును విప్పేది రెండు మూడు మిల్లీమీటర్లకు మించని, నిటిడులిడే కుటుంబానికి చెందిన చిన్న పెంకుపురుగు. పురుషదశలో ఉన్న పూవునుండి పుప్పొడిని ఒంటికి పూసుకొని, పండు వాసనకు మురిసి, స్త్రీదశలో ఉన్న మరొక పూవు గదిలోకి దూరుతుంది. ఈ పురుగు తగినంతగా లేని తోటలలో చెట్టునిండా పూవులున్నా కాయలు కొన్నే నిలుస్తాయి. నిలిచిన కాయలు సైతం ఒకవైపు ఉబ్బి, మరొకవైపు లొట్టపడి ఉంటాయి. అటువంటిచోట కుంచెతో పుప్పొడిని అద్దవలసి వస్తుంది. పురుగు ఉచితంగా చేసిపెట్టే పనికి కూలి చెల్లించవలసి వచ్చిందన్నమాట.

ఈ చిన్న పురుగు ఎక్కడ పెరుగుతుంది? చెట్టుక్రింద రాలి కుళ్ళిన పండ్లలో! తోట అద్దంవలె శుభ్రంగా ఉండాలని ప్రతి రాలిన పండునూ ఏరి తగులబెట్టిన యజమాని, మరుసటి పూతకు రావలసిన అతిథులను తానే తరిమివేసినవాడవుతాడు. తూర్పు కనుమలలోని మొక్కలకు, వాటిని ఆశ్రయించే కీటకాలకు ఉన్న ఇటువంటి సంబంధాలను ఆంధ్ర విశ్వవిద్యాలయానికి చెందిన ఆచార్య సి. సుబ్బారెడ్డి, ఆచార్య ఎ.జె. సాల్మన్ రాజు వంటివారు ఏళ్ళ తరబడి కొండలలో తిరిగి పరిశీలించారు.

పెద్ద పూల పెంకుపురుగు కథ కూడా కుళ్ళుతోనే ముడిపడి ఉంది. తల్లి పురుగు పుచ్చిన మానులోనో, ఆకులు చివికిన నేలలోనో, పాతబడిన పెంటలోనో గుడ్లు పెడుతుంది. వెలువడిన తెల్లని డింభకాలు చివికిన కొయ్యను, ఆకును నమిలి తింటాయి. కొయ్యలోని గట్టి పదార్థాన్ని జీర్ణించడానికి వాటి ప్రేగులలోని సూక్ష్మజీవులు తోడ్పడతాయి. అవి విసర్జించిన గుళికలు మట్టిలో కలిసి మొక్కలకు ఆహారమవుతాయి. కడపట మట్టితోను, తమ విసర్జనతోను గూడు కట్టుకొని, అందులో రూపుమారి, రెక్కలతో బయటపడతాయి. బ్రతికిన వేళ్ళ జోలికి ఇవి సామాన్యంగా పోవు.

చిక్కంతా పోలికలోనే ఉంది. వేరుశనగ, చెరకు పైర్ల వేళ్ళను కొరికి మొక్కలను వాడ్చే వేరుపురుగు కూడా తెల్లగా, లావుగా, అర్ధచంద్రాకారంలో ముడుచుకొనే ఉంటుంది. కొబ్బరికి శత్రువైన కొమ్ముపురుగు పిల్ల కూడా పెంటపోగులోనే పెరుగుతుంది. ఈ మూడింటినీ ఒకే గాటికట్టి చంపడం పరిపాటి అయింది. నిజానికి గుర్తుపట్టడానికి పరికరమేదీ అవసరం లేదు. పురుగును నున్నని బల్లపైనో, గట్టి నేలపైనో ఉంచి కొద్దిసేపు వేచియుంటే చాలు. పూల పెంకుపురుగు పిల్ల వెల్లకిలా తిరిగి, పొట్టి కాళ్ళను ఆకాశానికి ఎత్తి, వీపు కండరాల కదలికతో ముందుకు పాకుతుంది. వేరుపురుగు, కొమ్ముపురుగు పిల్లలు అలా వెల్లకిలా పాకవు. ప్రక్కకు ఒరిగి ముడుచుకొంటాయి, లేదా కాళ్ళతో ఈడ్చుకొంటూ కదులుతాయి. పాఠశాల తోటలో విద్యార్థులు సైతం చేయగల పరీక్ష ఇది. ఇంతటి సులువైన ఆనవాలు పొలాలలో అంతగా ప్రచారం పొందకపోవడం విచారకరం.

అలాగని పూల పెంకుపురుగులన్నీ సాధువులని చెప్పడం సత్యదూరం. కైలొలోబా అక్యూటా అనే ఆకుపచ్చని నూగుపురుగు జొన్న, సజ్జ కంకులపై చేరి పుప్పొడిని మేస్తుంది. కొన్ని గులాబీ రేకులను, వంగ, బెండ పూలను కొరుకుతాయి. ఉదయపు చల్లదనంలో మందకొడిగా ఉన్నప్పుడు చేతితో ఏరివేస్తే పెరటి తోటలో అదే చాలు. నలుపుపై నారింజ పట్టెలున్న బొబ్బపురుగు మరొక తరహాది. కంది, బొబ్బర పూతను అది పాడుచేస్తుంది; చేతికి తగిలితే దాని ఒంటి ద్రవం వల్ల బొబ్బలెక్కుతాయి. కాని దాని పిల్లలు భూమిలోని మిడతల గుడ్లను తిని పెరుగుతాయి. మేలు, కీడు ఒకే ఒంటిలో ఉన్న ఇటువంటి పురుగుపై తీర్పు చెప్పడం అంత తేలిక కాదు.

అనంతగిరి రైతుకు ఈ విచక్షణ నేడు జీవనసమస్య. 2019లో భౌగోళిక గుర్తింపు పొందిన అరకు అరబికా కాఫీ ఈ కొండల గిరిజన కుటుంబాలకు ముఖ్యమైన ఆదాయం. ఆ పంటకు ప్రబల శత్రువులు రెండూ పెంకుపురుగులే. మొదటిది కాండం తొలిచే తెల్లపురుగు. అది ఎండ సోకే కాండంపై, బెరడు పగుళ్ళలో గుడ్లు పెడుతుంది. సిల్వర్ ఓక్ వంటి చెట్ల నీడ నిలుపుకోవడం, వదులు బెరడును రుద్ది తీసివేయడం, సోకిన మొక్కలను పెరికి కాల్చడం దానికి విరుగుడు. రెండవది కాయతొలుచు పురుగు. రెండు మిల్లీమీటర్లకు మించని ఆ నల్లని పురుగు కాయ కొనవద్ద రంధ్రం చేసి గింజలో గుడ్లు పెడుతుంది. 1990లో నీలగిరులలోని గూడలూరు ప్రాంతంలో మనదేశాన అడుగుపెట్టిన ఆ పురుగు, 2025లో అరకు ప్రాంతంలో బయటపడింది. సోకిన కాయలను కోయించి నాశనం చేయవలసి వచ్చింది.

భయం వేసినప్పుడు చేయి మొదట పోయేది మందు డబ్బాపైకే. నేలలో చల్లే ఫోరేట్ గుళికలు మిత్రుణ్ణి, శత్రువును ఏరకుండా చంపేవి. కేంద్రప్రభుత్వం వాటిని 2020 డిసెంబరు 31 నుండి నిషేధించింది. కాయలోపల దాగిన పురుగుకు పైపై మందులు చాలవరకు అందవు కూడ. కోత ముగిసిన తరువాత కొమ్మలపై మిగిలిన కాయలను, నేలరాలిన పండ్లను ఒక్కటీ విడువకుండా ఏరివేయడం, ఎర బుట్టలు వ్రేలాడదీయడం, బవేరియా అనే శిలీంధ్రాన్ని ప్రయోగించడం శాస్త్రజ్ఞులు సూచించే మార్గాలు. సీతాఫలం చెట్టుక్రింద మేలుచేసే రాలుపండు, కాఫీ మొక్కక్రింద కీడుచేస్తుంది. కాఫీ వరుసల నడుమ కూలి చివికిన నీడచెట్టు మొద్దు సంగతి వేరు. కాయతొలుచు పురుగు అందులో పెరగదు. వెల్లకిలా పాకే పిల్లలకు అది ఆహారం. ఏరివేత సాగుతున్న తోటలలో సైతం దానిని అక్కడే ఉంచవచ్చు.