మందును మోసే రేణువులు, వాటిని మలిచే రసాయన శాస్త్రవేత్తలు

అమలాపురంలోనో రాజోలులోనో ఇంటర్ చదివే పిల్ల "రోగులకు పనికొచ్చే పని చేస్తాను" అంటే ఇంట్లో ముందుగా వినిపించే మాట నీట్. సీటు రాకపోతే ఆ ఆశ అక్కడితో ముగిసిందనుకుంటారు. కానీ రోగి ఒంట్లోకి వెళ్లే మందు తీరును మార్చే పనిలో రసాయన శాస్త్రం చదివినవాళ్లకు పెద్ద చోటుంది. ఆ చోటు పేరు నానో వైద్యం.

మీటరును వంద కోట్ల భాగాలు చేస్తే అందులో ఒకటి నానోమీటరు. మన వెంట్రుక మందం సుమారు 80 వేల నానోమీటర్లు. డాక్సోరూబిసిన్ అనే క్యాన్సర్ మందు గట్టిగా పనిచేస్తుంది, కానీ గుండెను దెబ్బతీస్తుంది. దాన్ని దాదాపు 100 నానోమీటర్ల కొవ్వు గుళికల్లో పెట్టి ఎక్కించారు. ఆరోగ్యంగా ఉన్న రక్తనాళాల గోడలను ఆ గుళికలు సులువుగా దాటలేవు. కణితిలో మాత్రం నాళాల గోడలు సందులు పడి ఉంటాయి, అక్కడ బయటికొస్తాయి. గుండెకు హాని తగ్గింది. 'డాక్సిల్' పేరుతో 1995లో అమెరికా దానికి అనుమతినిచ్చింది. మందు పాతదే, మోసే వాహనమే కొత్తది.

ఈ రంగంలోకి ఎలా చేరతారో తెలుసుకోవాలంటే చల్లా ఎస్.ఎస్.ఆర్. కుమార్ ప్రస్థానం చూడాలి. పుట్టపర్తిలోని శ్రీ సత్యసాయి విద్యాసంస్థలో ఆయన కర్బన రసాయన శాస్త్రంలో పీహెచ్‌డీ చేశారు. జర్మనీలో మ్యూనిక్‌లోని మాక్స్ ప్లాంక్ జీవరసాయన సంస్థలో పోస్ట్ డాక్టరల్ పరిశోధన చేశారు. ఎనిమిదేళ్లు పరిశ్రమల పరిశోధన విభాగాల్లో పనిచేశారు. అమెరికాలోని లూసియానా స్టేట్ యూనివర్సిటీలో నానో పదార్థాల తయారీ బృందాన్ని నడిపారు. వైద్య నానో టెక్నాలజీకి ప్రత్యేకించిన ఒక పత్రికకు వ్యవస్థాపక సంపాదకులయ్యారు. జీవశాస్త్రాల్లో నానో టెక్నాలజీపై పది సంపుటాల గ్రంథమాలకు సంపాదకత్వం వహించారు. పునాది రసాయన శాస్త్రమే. దానిమీద జీవరసాయనం, పరిశ్రమ అనుభవం, నానో తయారీ ఒక్కొక్కటిగా చేరాయి.

ఆయన పనిచేసిన విషయాల్లో నానో రేణువులను తయారుచేసే సూక్ష్మ కాలువల రియాక్టర్లు ఒకటి. ఫ్లాస్కులో రెండు ద్రావణాలు పోస్తే ఒకచోట ఎక్కువగా, మరోచోట తక్కువగా కలుస్తాయి. రేణువులు రకరకాల సైజుల్లో వస్తాయి. అదే రెండు బోదెలు ఒకచోట కలిసినట్టు, సన్నటి కాలువల్లో ద్రావణాలను పారించి కలిపితే మొదటి రేణువుకూ చివరి రేణువుకూ పెద్ద తేడా ఉండదు. మందు విషయంలో ఈ ఒకే తీరు చాలా ముఖ్యం.

ఇక మందును మోసే ఇలాంటి రేణువులకు మన చేరువలోని ముడి సరుకు. కోనసీమ తీరంలో రొయ్యల చెరువులకు కొదవలేదు. రొయ్య పెంకును ఆమ్లంలో నానబెడితే సున్నపు పదార్థం పోతుంది, క్షారంలో ఉంచితే మాంసకృత్తులు పోతాయి. మిగిలేది కైటిన్. దాన్ని గాఢ క్షారంలో వేడిచేస్తే కైటోసాన్ అవుతుంది. పలచటి ఎసిటిక్ ఆమ్లంలో కరిగించి, గిలకొడుతూ, ట్రైపాలీఫాస్ఫేట్ ద్రావణాన్ని చుక్కచుక్కగా వేయాలి. కైటోసాన్‌ది ధనావేశం, ట్రైపాలీఫాస్ఫేట్‌ది రుణావేశం, అందుకే ఒకదాన్నొకటి పట్టుకుంటాయి. అంతవరకు తేటగా ఉన్న ద్రావణం లేత నీలి ఛాయతో మసకబారుతుంది. రేణువులు పుట్టాయన్నమాట. చుక్కలు ఎక్కువైతే ముద్దలై అడుక్కి దిగుతాయి, మళ్లీ మొదలుపెట్టాలి.

రేణువు పైపొరను కూడా తీర్చిదిద్దుతారు. చాలా రకాల క్యాన్సర్ కణాల మీద ఫోలిక్ ఆమ్లాన్ని అందుకునే గ్రాహకాలు ఎక్కువగా ఉంటాయి. అందుకే రేణువుకు ఫోలిక్ ఆమ్లం అతికిస్తారు. 1940లలో ఆ ఆమ్లాన్ని కృత్రిమంగా తయారుచేసిన అమెరికా మందుల సంస్థ లెడర్లీ పరిశోధకులకు సారథి మన భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు.

తయారీ ఒక పూట పని, రుజువుకు ఏళ్లు పడుతుంది. సైజు కొలవాలి, నిల్వ ఉంటుందో చూడాలి. కణాల మీద, తర్వాత జంతువుల మీద పరీక్షించాలి. కాలేయంలో పేరుకుంటుందా, ఒంట్లోంచి బయటికి పోతుందా తేల్చాలి. అప్పుడే మనుషుల దాకా వెళ్తుంది. జీవశాస్త్రజ్ఞులు, వైద్యులు చెప్పేది వినే ఓపిక కూడా ఈ వృత్తిలో భాగమే.

దారి ఇదీ: ఎంపీసీ అయినా బైపీసీ అయినా సరే, కెమిస్ట్రీతో బీఎస్సీ, ఆపైన ఎమ్మెస్సీ. తర్వాత సీఎస్ఐఆర్ నెట్ పరీక్షలో జేఆర్ఎఫ్ (జూనియర్ రీసెర్చ్ ఫెలోషిప్) వస్తే పీహెచ్‌డీలో మొదటి రెండేళ్లు నెలకు రూ.37,000, తర్వాత రూ.42,000 ఫెలోషిప్ అందుతుంది. ఇవి 2023 నుంచి అమల్లో ఉన్న మొత్తాలు. హైదరాబాద్ తార్నాకలోని భారత రసాయన సాంకేతిక సంస్థ (ఐఐసీటీ)లో నానో వైద్యంపై పరిశోధన జరుగుతోంది. పీహెచ్‌డీకి సాధారణంగా ఐదేళ్లు, ఆపైన పోస్ట్ డాక్టరల్ ఏళ్లు. స్థిరపడేసరికి ముప్పై దాటుతుంది. ఇది తల్లిదండ్రులకు ముందే తెలియాలి.

నీట్ ఫలితాలు వచ్చాక కుంగిపోయిన పిల్లలకు కోనసీమ అధ్యాపకులు ఈ దారి గురించి కూర్చోబెట్టి చెప్పాలి. డిగ్రీ మొదటి ఏడాదిలోనే ప్రయోగశాలలో చేతులు పెట్టనివ్వాలి. డాక్టరు చేతికి మెరుగైన మందు అందించడమూ వైద్యసేవే.